సెకనమ్మకు వచ్చిన మొదటి బహుమతి

ఫ్యాక్టరీ హాజరు పట్టీలో ఆమెకు మంచి పేరే ఉంది గాని, పొద్దున గేటు దగ్గర గుమాస్తా తప్ప ఇంకెవరూ దాన్ని పలికేవారు కారు. అందరికీ ఆమె సెకనమ్మ. ఎవరైనా మాటవరసకు "ఒక్క క్షణం ఆగమ్మా" అంటే "క్షణమంటే ఎంతసేపు?" అని నిలదీసే మనిషి. పాలు పొంగడానికి నాలుగు సెకన్ల ముందు మంట తగ్గించేది. పెళ్లయిన కొత్తలో మొగుడు "సాయంత్రం తొందరగా వస్తానే" అన్నాడని, తొందరంటే ఎన్ని గంటలో తేల్చేదాకా గుమ్మం దాటనివ్వలేదు. అతను అదే ఫ్యాక్టరీలో కింది అంతస్తులో మరలు చెక్కే యంత్రం మీద పనిచేసేవాడు. ఇంటా బయటా ఆమె లెక్కలకు తల ఊపడం అతనికి త్వరలోనే అలవాటైపోయింది.

చేతి గడియారాలు చేసే ఫ్యాక్టరీ అది. సెకనమ్మ పనిచేసే గది మూడో అంతస్తులో ఉత్తరం వైపున ఉండేది. ఎండ నేరుగా పడితే స్ప్రింగులు వేడెక్కుతాయని గదిని అటు కట్టారు. దుమ్ము రాకుండా రెండు తలుపులు. చెప్పులు బయట విప్పి, తెల్ల కోటు తొడుక్కుని లోపలికి వెళ్లాలి. ఏడు బల్లలు, ఏడుగురు మనుషులు. గడియారాన్ని తయారుచేయడం కింది అంతస్తుల వాళ్ల పని. దానికి బుద్ధి చెప్పడం ఈ ఏడుగురి పని.

చేతి గడియారానికి గుండెకాయ లాంటిది ఒక బుల్లి చక్రం. వెంట్రుక కన్నా సన్నని స్ప్రింగుకు కట్టుబడి అది అటూ ఇటూ ఊగుతుంది. సెకనుకు అయిదు ఊపులు. రోజుకు నాలుగు లక్షల ముప్పై రెండు వేలు. ఒక్కో ఊపులో లక్షో వంతు తేడా వచ్చిందంటే, రోజు గడిచేసరికి గడియారం దాదాపు ఒక సెకను తప్పుతుంది. చలికి స్ప్రింగు ఒకలా ఉంటుంది, వేడికి ఒకలా. గడియారాన్ని వెల్లకిల పెడితే ఒక నడక, పక్కకు ఒరిగిస్తే ఇంకో నడక. ఈ నడకలన్నిటినీ ఒక దారికి తేవాలంటే స్ప్రింగు కొసను పట్టకారుతో, కంటికి కూడా తెలియనంత వంచాలి. సెకనమ్మ చేతులు దానికోసమే పుట్టాయని అనేవారు.

ఆ గదికి పెద్ద మేస్త్రి. తల పండినవాడు. కొత్తవాళ్లు వచ్చినప్పుడల్లా మొదటిరోజు పని చెప్పేవాడు కాదు, కథ చెప్పేవాడు. "అడుగున చిల్లు ఉన్న గిన్నెను నీళ్లలో వదిలేవాళ్లమ్మా. అది నిండి మునిగితే ఒక గడియ. అంటే ఇరవై నాలుగు నిమిషాలు. మన గడియారానికి ఆ గడియే పేరు పెట్టింది. ఆ తర్వాత పళ్లచక్రాల గడియారాలు వచ్చాయి, రోజుకు పావుగంట తప్పేవి. లోలకం కట్టాక ఆ పావుగంట కాస్తా కొన్ని సెకన్లయింది. అయితే ఓడలో లోలకం నిలుస్తుందా? నడిసముద్రంలో ఓడ ఎక్కడుందో తెలియాలంటే బయల్దేరిన రేవులో ఇప్పుడెంత టైమో తెలియాలి. నాలుగు సెకన్లు తప్పితే ఓడ మైలు దూరం తప్పినట్టే. ఎంతమంది మునిగారో. చివరికి ఒక వడ్రంగి తన బతుకంతా ధారపోసి, ఓడ కుదుపుకు లొంగని గడియారం చేశాడు. మీరు పట్టుకున్న స్ప్రింగు ఆ వంశానిదే. జాగ్రత్త."

సెకనమ్మ ఆ కథ విన్నప్పుడు పద్దెనిమిదేళ్ల పిల్ల. అప్పుడే నిశ్చయించుకుంది, ఈ గదిలో తనను మించినవాళ్లు ఉండకూడదని.

దేశం మొత్తం మీద గడియారాల పోటీ ఏటా ఒకటి జరిగేది. ప్రభుత్వ కాల పరీక్షాలయం వాళ్లు నడిపేవాళ్లు. ప్రతి ఫ్యాక్టరీ తన మంచి పనివాళ్లు సరిచేసిన గడియారాలను సీలు వేసి పంపాలి. నలభై అయిదు రోజులపాటు వాటిని అయిదు భంగిమల్లో, చల్లటి పెట్టెలో, వెచ్చటి పెట్టెలో ఉంచి రోజూ తప్పు రాస్తారు. సెకనమ్మకు ఒకసారి మూడో స్థానం వచ్చింది. రెండుసార్లు రెండోది వచ్చింది. మొదటిది చేతిదాకా వచ్చినట్టే వచ్చి జారిపోయేది. "వచ్చే ఏడు చూద్దాం" అనేవాడు మేస్త్రి. వచ్చే ఏడు అంటే మూడు వందల అరవై అయిదు రోజులని ఆమె మనసులోనే లెక్క కట్టుకునేది.

సరిగ్గా అప్పుడే మరిదికి పెళ్లయింది.

మరిది ఫ్యాక్టరీ వ్యాను డ్రైవరు. అతని పెళ్లాం పొడుగ్గా, సన్నగా ఉండేది. మాట తక్కువ. ఒకే వాకిలి, ఒకే కుళాయి, రెండు వాటాలు. మధ్యగదిలో అత్తయ్య. వారం తిరక్కుండానే తోటికోడలు పద్ధతి సెకనమ్మకు అర్థమైంది. బకెట్ నిండిపోయి నీళ్లు పొర్లుతున్నా కుళాయి కట్టేయడానికి తాపీగా నడిచి వచ్చేది. ఏం అడిగినా కాస్త ఆగి జవాబిచ్చేది. ఎక్కడికైనా సరే ఆలస్యంగా చేరేది. అయినా పిల్ల మంచిది, చేతివేళ్లు సన్నగా ఉన్నాయి. సెకనమ్మే మేస్త్రితో మాట్లాడి గదిలో అప్పుడే ఖాళీ అయిన ఏడో బల్ల ఇప్పించింది. పక్కన కూచోబెట్టుకుని పట్టకారు పట్టడం దగ్గర్నుంచి నేర్పింది. తనకు తెలిసినది ఏదీ దాచుకోలేదు. తర్వాత తలుచుకుని తలుచుకుని బాధపడింది కూడా అందుకే.

గదిలో వాళ్లు కొత్తమ్మాయికి "నిదానం" అని పేరు పెట్టారు. షిఫ్టు మొదలై పది నిమిషాలయ్యాక మెల్లగా తలుపు తోసుకుని వచ్చేది. టైముకు రాని మనిషి టైము సరిచేయడమేమిటని అందరూ నవ్వుకునేవారు. అందరికన్నా ఎక్కువ నవ్వింది సెకనమ్మే.

రెండో ఏడు ఫ్యాక్టరీ తరఫున పోటీకి ఇద్దరి గడియారాలూ వెళ్లాయి. ఫలితాల కాగితం వచ్చిన రోజు మేస్త్రి దాన్ని బల్ల మీద పరిచాడు. సెకనమ్మ గడియారం తప్పు రోజుకు సగటున సెకనులో వందకు ఇరవై ఒక పాళ్లు. నిదానం గడియారం తప్పు పంతొమ్మిది పాళ్లు. నిదానానికి మొదటి స్థానం, సెకనమ్మకు రెండోది. మధ్యలో ఉన్నది సెకనులో యాభయ్యో వంతు. రెప్ప వాలడానికి పట్టే సమయంలో పదో వంతు ఉంటుందో ఉండదో.

"అక్కా, ఇది నీదే. నువ్వు నేర్పిందే కదా" అంది నిదానం.

మనస్ఫూర్తిగానే అంది. సెకనమ్మ కళ్లలో నిప్పులు పోసుకున్నదీ ఆ క్షణంలోనే. అత్త కొట్టినందుకు కాదు, తోటికోడలు నవ్వినందుకు ఏడ్చిందని సామెత. ఈ తోటికోడలు నవ్వను కూడా నవ్వలేదు. నవ్వి ఉంటే పోట్లాడడానికైనా వీలుండేది.

అత్తయ్య ఆ యోగ్యతాపత్రానికి చట్రం కట్టించి మధ్యగదిలో గోడకు తగిలించింది. కుళాయికి వెళ్లాలన్నా, వాకిట్లోకి వెళ్లాలన్నా దాని కిందినుంచే వెళ్లాలి. సెకనమ్మ తల వంచుకుని వెళ్లేది. "మా చిన్నకోడలు చూడండి, దేశంలోనే మొదటిది" అని అత్తయ్య వచ్చినవాళ్లకు చెబుతుంటే, పెద్దకోడలు వంటగదిలో గిన్నెలు అవసరానికి మించి చప్పుడు చేస్తూ తోమేది.

ఒకరోజు మొగుడితో అంది. "ఏకు మేకైందండీ. పట్టకారు ఎట్లా పట్టాలో తెలియని దానికి నేను నేర్పాను."

"పోనీలేవే. మొదటిదీ రెండోదీ రెండూ మన ఇంట్లోనే ఉన్నాయిగా" అన్నాడతను అన్నం కలుపుకుంటూ.

ఆ మాటకు ఆమె మూడు రోజులు అతనితో మాట్లాడలేదు. అతను అది గమనించడానికి రెండు రోజులు పట్టింది.

మరుసటి ఏడు కూడా అంతే. ఆ పై ఏడు కూడా అంతే. వరుసగా మూడేళ్లు మొదటిది నిదానానికి, రెండోది సెకనమ్మకు. ఒక పుస్తకం పెట్టుకుని నిదానం ఎప్పుడు వచ్చిందో రాయడం మొదలుపెట్టింది సెకనమ్మ. పదకొండు నిమిషాలు ఆలస్యం. ఏడు. పంతొమ్మిది. పుస్తకం సగం నిండాక తీసుకెళ్లి మేస్త్రి ముందు పెట్టింది.

మేస్త్రి ఓపిగ్గా పేజీలు తిప్పాడు. "ఆలస్యంగా వస్తున్నది ఆ అమ్మాయి. ఆమె గడియారం కాదు" అన్నాడు.

"అంటే మీకు పద్ధతితో పనిలేదా మేస్త్రి గారూ?"

"కూచో. నీకొక మాట చెప్పాలని ఎన్నాళ్లుగానో అనుకుంటున్నా. నీ గడియారం ఇవాళ సెకనులో పదో వంతు వెనకబడిందనుకో, నువ్వేం చేస్తావు?"

"సరిచేస్తాను."

"రేపు మళ్లీ ముందుకు పోతే?"

"మళ్లీ సరిచేస్తాను."

"ఆమె చేయదు. నాలుగు రోజులు ఊరికే చూస్తుంది. రోజూ ఒకేలా తప్పుతోందా, రోజుకో రకంగా తప్పుతోందా అని చూస్తుంది. రోజూ రెండు సెకన్లు తప్పే గడియారంతో ఓడ క్షేమంగా రేవు చేరుతుందమ్మా, లెక్కలో ఆ రెండూ తీసేస్తే సరిపోతుంది. ఒకరోజు ముందుకీ ఒకరోజు వెనక్కీ పోయేదాన్ని మాత్రం నమ్మలేం. నీ చేయి ఆమె చేయి కన్నా మంచిది. కాని నువ్వు దాన్ని ఊరుకోనివ్వవు."

మంచి మాటే. వేరే ఎవరి గురించి చెప్పినా సెకనమ్మ చెవిన పెట్టేదే. తోటికోడలిని మెచ్చుకుంటూ చెప్పడంతో పుండు మీద కారం చల్లినట్టయింది. పుస్తకం తీసుకుని వచ్చేసింది.

ఆ తర్వాతి ఏడు పోటీకి గడియారాలు సిద్ధమయ్యాయి. పంపే ముందు ఒక నియమం ఉండేది. ఎవరి గడియారాన్ని వాళ్లే కాకుండా మరొకరు భూతద్దంలో చూసి, అంతా సరిగా ఉందని కాగితం మీద సంతకం పెట్టాలి. అప్పుడే వెనకమూత బిగించి సీలు వేస్తారు. నిదానం గడియారం తనిఖీ సెకనమ్మ వంతుకు వచ్చింది.

మధ్యాహ్నం భోజనాల వేళ. గదిలో ఆమె తప్ప ఎవరూ లేరు. భూతద్దం కంటికి బిగించుకుని చూసింది. ఎంత చక్కటి పని! స్ప్రింగు చుట్లు నీటి మీద అలల్లా సమంగా పరుచుకున్నాయి. చక్రం ఊపిరి పీల్చినట్టు ఊగుతోంది. తప్పు వెతుకుదామని వంగిన మనిషి కాసేపు అలా చూస్తూ ఉండిపోయింది. ఇలా తన చేయి ఎందుకు చేయలేదు అనుకుంది. అప్పుడు కనిపించింది, చక్రం అంచుకు దగ్గరగా, పలక మీద తెల్లటి నూగు. దూదిపోగులోంచి రాలిన తునక. చీమ మీసమంత కూడా ఉండదు. దేనికీ తగలడం లేదు. పట్టకారుతో తీయడానికి రెండు సెకన్లు పట్టదు.

పట్టకారు చేతిలోనే ఉంది.

తగలడం లేదు కదా అనుకుంది. తగిలితే అప్పుడు తప్పు గాని, తగలనప్పుడు తనిఖీ సరిగా ఉన్నట్టే అనుకుంది. ఇలాంటి సర్దుబాటు మనసుకు చెప్పుకోవడం కూడా ఆ చేతికి వచ్చిన పనే కాబోలు. కాగితం మీద "సరిగా ఉంది" అని రాసి సంతకం పెట్టింది. సాయంత్రం మరిది వ్యానులో రెండు గడియారాలూ మెత్తటి పెట్టెలో పరీక్షాలయానికి వెళ్లిపోయాయి.

ఆ నలభై అయిదు రోజులూ ఆమెకు తిండి సయించలేదు. ఇవాళ వెల్లకిల పెట్టి ఉంటారు, నూగు కదలదు అనుకునేది. ఇవాళ నిలబెట్టి ఉంటారు, ఏమవుతుందో అనుకునేది. ఆగిపోవాలని కోరుకునేది. వెంటనే, ఆగకూడదు, ఆగకుండా రెండో స్థానం రావాలి, అది చాలు అనుకునేది. ఇంట్లో ఎవరు "నూలు" అన్నా, "దుమ్ము" అన్నా ఉలిక్కిపడేది. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టుంది ఆమె పని. "ఏమైందక్కా, చిక్కిపోయావు" అని నిదానం పక్కవాటా నుంచి వేడి పాలు తెచ్చి ఇచ్చింది. తాగింది. తాగుతూ కూడా, ఇంత మంచిగా ఉండడం దీనికెలా చేతనవుతోందని కుళ్లుకుంది.

ఫలితాలు వచ్చాయి. నిదానం గడియారం ఇరవై మూడో రోజున ఆగిపోయింది. పోటీలోంచి తీసేశారు. మొదటి స్థానం సెకనమ్మది.

ఫ్యాక్టరీ ఆవరణలో కుర్చీలు వేశారు. మేనేజరు ఆమెను పొగిడి యోగ్యతాపత్రం చేతికిచ్చాడు. అందరూ చప్పట్లు కొట్టారు. అందరికన్నా ఎక్కువసేపు కొట్టింది నిదానం. ఆ తర్వాత మేనేజరు గొంతు సవరించుకుని ఇంకో సంగతి చెప్పాడు. ఈ ఏడు పరీక్షాలయంలో పోటీకి బయట కొన్ని కొత్తరకం గడియారాలను కూడా పరీక్షించారట. వాటిలో ఊగే చక్రం లేదు. కరెంటు తగిలిస్తే సెకనుకు వేల సార్లు కంపించే స్ఫటికం తునక ఉందట. సెకనమ్మ గడియారం ఒక్క రోజులో తప్పేంత తప్పడానికి ఆ రాయికి ఇరవై రోజులు పడుతుందట. ఇక మీదట చక్రాల గడియారాలకు పోటీ ఉండదట. ఇదే ఆఖరిది.

యోగ్యతాపత్రం చేతిలో పట్టుకుని ఆమె నిలబడిపోయింది. మనిషి మీద అసూయ పడితే ఎప్పటికైనా ఓడించవచ్చని ఒక ఆశ. రాతిని ఏం చేసుకోవాలి? దానికి చేయి లేదు, గురువు లేదు, తోటికోడలు లేదు.

రెండు రోజుల తర్వాత నిదానం తన గడియారం తీసుకుని ఆమె బల్ల దగ్గరికి వచ్చింది. "నువ్వు విప్పి చూడక్కా. ఎందుకాగిందో నా బుర్రకు తట్టడం లేదు. నా కన్ను మీద నాకు నమ్మకం పోయింది."

సెకనమ్మ విప్పింది. నూగు చక్రం ఇరుసుకు చుట్టుకుని ఉంది. భూతద్దం ఆమె కంటికే ఉంది. రెండోవారికి కనబడదు. పట్టకారుతో లాగి కోటుకు తుడిచేసింది. "నూనె ఎక్కువైంది. ఇరుసు దగ్గర జిగటగా ఉంది" అంది.

"నూనె నేను సరిగానే పెట్టాననుకున్నానే" అంది నిదానం మెల్లగా.

"అనుకుంటే సరిపోతుందా?"

ఆ ఒక్క మాట నిదానాన్ని తినేసింది. ఆ రోజు నుంచి ఇరుసులు కడగడం, నూనె చుక్క పెట్టడం, మళ్లీ తుడిచేయడం, మళ్లీ పెట్టడం. రోజుకు ఆరు గడియారాలు చేసే మనిషి రెండు కూడా ముగించలేకపోయేది. భయంతో పొద్దున్నే అందరికన్నా ముందే వచ్చి గది తలుపు దగ్గర నిలబడేది. ఒక్కరోజు కూడా ఆలస్యం లేదు. అది చూసి గదిలో ఎవరికీ నవ్వు రాలేదు. మేస్త్రి ఆమె బల్ల దగ్గరే ఎక్కువసేపు కూచునేవాడు. అత్తయ్య, పాపం చిన్నకోడలు దిగులు పడిందని, అన్నం దగ్గరుండి పెట్టేది. వింతేమిటంటే, ఆ జాలి మీద కూడా సెకనమ్మకు అసూయే. నేను రెండోదానిగా మిగిలిన మూడేళ్లూ నా పక్కన ఎవరు కూచున్నారు అనుకునేది. గెలిస్తే కడుపుమంట చల్లారుతుందనుకుంది గాని, కడుపుకు ఆ సంగతి ఎవరూ చెప్పినట్టు లేదు.

మూడో నెలలో నిదానం మేస్త్రిని బతిమాలుకుని ప్యాకింగు గదికి మారిపోయింది. అక్కడ గడియారాలను అట్టపెట్టెల్లో పెట్టడమే పని.

ఆమె వెళ్లిన వారానికి, మధ్యాహ్నం విరామంలో సెకనమ్మ కింది అంతస్తుకు దిగింది. ఎందుకు దిగిందో ఆమెకే సరిగా తెలియదు. ఏడో బల్ల ఖాళీగా కనబడుతుంటే పని సాగలేదు, అంతే. ప్యాకింగు గదిలో నిదానం ఒక పెట్టెకు మూత పెడుతోంది. సెకనమ్మ ఎదురుగా నిలబడింది.

"నూనె కాదు. ఇరుసుకు దూది నూగు చుట్టుకుంది."

నిదానం ఎప్పటిలాగే కాస్త ఆగింది. "ఎప్పుడు చూశావు?"

"విప్పినప్పుడు. అంతకుముందు తనిఖీలో కూడా చూశాను. అప్పుడు పలక మీద ఉంది. తీయలేదు. సంతకం పెట్టేశాను."

"ఎటువైపు ఉంది?"

"చక్రం అంచు దగ్గర. నీ ఎడమచేతి వైపు."

"ఎంత పొడవు?"

చెప్పింది. నిదానం కళ్లు మూసుకుని ఏదో లెక్క వేసుకుంది. "అయితే నిలబెట్టినప్పుడు జారి ఉంటుంది. ఇరవై రెండో, ఇరవై మూడో రోజులు నిలబెట్టే రోజులే" అంది. మొహంలో ఒక్కసారి వెలుగు వచ్చింది. "అంటే నూనె సరిగానే పెట్టాను."

"సరిగానే పెట్టావు."

"సరే. ఇక నువ్వు వెళ్లు. నాతో మాట్లాడకు" అని ఇంకో గడియారం చేతిలోకి తీసుకుంది.

సెకనమ్మ అక్కణ్నుంచి నేరుగా మేస్త్రి దగ్గరికి వెళ్లి అదే చెప్పింది. ఆయన పట్టకారు కింద పెట్టాడు. "తప్పు చేసినదానికి కాదు నా బాధ. తప్పులు చూడ్డమే మన పని. చూసి లేదన్నావు చూడు, అది" అన్నాడు. తనిఖీ సంతకం పెట్టే హక్కు ఆమెకు ఆ రోజుతో పోయింది, మళ్లీ రాలేదు. ఆయన స్వయంగా వెళ్లి నిదానాన్ని వెనక్కి తెచ్చాడు. మొదటి బహుమతి మాత్రం సెకనమ్మ పేరనే ఉండిపోయింది. పరీక్షాలయం వాళ్లు ఆగిన గడియారం ఆగిన గడియారమేనన్నారు. మళ్లీ పోటీ పెట్టడానికి పోటీయే లేదు.

తర్వాత అయిదేళ్లపాటు ఒకే కుళాయి దగ్గర, ఒకే ఫ్యాక్టరీలో ఇద్దరూ మాట్లాడుకోలేదు. బకెట్ దగ్గర గొడవనుకుని అత్తయ్య రెండో కుళాయి పెట్టించింది. ప్రయోజనం లేకపోయింది. మగవాళ్లిద్దరూ తమకేమీ తెలియనట్టు నటించారు, సగం నిజంగానే తెలియదు కూడా.

ఆ అయిదేళ్లలోనే ఫ్యాక్టరీ రూపం మారింది. ఉత్తరం గది బల్లలు నాలుగయ్యాయి, తర్వాత రెండు. సెకనమ్మను స్ఫటికం గడియారాల విభాగంలో వేశారు. అక్కడ సరిచేయడానికి చిన్న మర ఒకటి ఉంటుంది. యంత్రం అంకె చూపిస్తే తిప్పాలి. ఎవరు తిప్పినా ఒకటే. ఆ రాయిని తిట్టుకుంటూనే రోజుకు రెండొందలు తిప్పేది. మేస్త్రి పని మానుకున్నాడు. పోతూ పోతూ పరీక్షాలయానికి ఒక ఉత్తరం రాశాడు. ప్రామాణిక గడియారాలను కనిపెట్టుకుని ఉండడానికి చేయి ఊరుకోగలిగిన మనిషి కావాలంటే మా దగ్గర ఒకరున్నారని. నిదానానికి ఉద్యోగం వచ్చింది.

వార్త విన్న రోజు సెకనమ్మ కుళాయి కింద చేతులు పెట్టుకుని చాలాసేపు కూచుంది. ఇంత జరిగాక కూడా అదే మంట, అదే చోట. సిగ్గుపడింది, అయినా మండింది.

ఒక ఏడాది గడిచాక, ఒక సాయంత్రం నిదానం వాకిట్లో ఎదురై ఆగింది. "రేపు పొద్దున ఒక సెకను కలుపుతున్నాం. చూడాలని ఉంటే రా" అంది. అయిదారేళ్ల తర్వాత మొదటి మాట.

సెకనమ్మ చేతిలోని బకెట్ కింద పెట్టింది. "సెకను కలపడమేమిటి?"

"వస్తే తెలుస్తుంది."

పొద్దున్నే ఇద్దరూ ఒకే బస్సులో వెళ్లారు. పరీక్షాలయం నేలమాళిగలో ఒక చల్లటి గది. గది మధ్యలో బీరువాల్లాంటి బూడిదరంగు ఇనప పెట్టెలు మూడు. ముల్లూ లేదు, చక్రమూ లేదు. అవే పరమాణు గడియారాలట. లోపల సీసియం అనే లోహపు పరమాణువులు ఉంటాయట. వాటితో శ్రుతి కలిసిన తరంగం తొమ్మిది వందల పంతొమ్మిది కోట్ల చిల్లర సార్లు కంపిస్తే ఒక సెకను. ముప్పై వేల ఏళ్లకు ఒక్క సెకను తప్పుతాయని అక్కడి యువ అధికారి చెప్పాడు.

"మరి ఇంత సరిగా నడిచేదానికి సెకను కలపడం దేనికి బాబూ?" అని అడిగింది సెకనమ్మ.

అధికారి నిదానం వైపు చూశాడు, మీరే చెప్పండి మేడం అన్నట్టు. ఆ చూపులోని మర్యాద సెకనమ్మకు గుచ్చుకుంది.

"గడియారం సరిగానే ఉందక్కా. భూమే సరిగా లేదు" అంది నిదానం. "సముద్రాల పోటు వల్ల తిరగడం కాస్త నెమ్మదిస్తోంది. రోజుకో రకంగా కూడా తిరుగుతుంది. ఎన్ని వేల ఏళ్లనుంచో దాన్ని బట్టే మనం రోజును కొలిచాం. ఇప్పుడు అది వెనకబడితే, దానికోసం గడియారం ఒక్క సెకను ఆగుతుంది."

గోడ మీద ఎర్రటి అంకెలు మారుతున్నాయి. యాభై ఏడు. యాభై ఎనిమిది. యాభై తొమ్మిది. తర్వాత, సెకనమ్మ జన్మలో ఎన్నడూ చూడని అంకె, అరవై. ఆ పైన సున్నా. అధికారి పుస్తకంలో ఏదో రాసుకున్నాడు. అంతే, అయిపోయింది.

బయటికి వచ్చి గేటు పక్కన టీ బండి దగ్గర నిలబడ్డారు.

"నీ మీద నాకు కోపం పోలేదు" అంది నిదానం, గ్లాసు ఊదుకుంటూ.

"పోతుందని నేనూ అనుకోలేదు. నాకు నీ మీద కుళ్లు కూడా పోలేదు" అంది సెకనమ్మ. "ఇందాక ఆ అబ్బాయి నీ వైపు చూశాడే, అప్పుడు కూడా మండింది."

నిదానం ఆమెను పరీక్షగా చూసింది. నవ్వలేదు. "ఆ పెట్టెల మీద?"

"వాటి మీద రాలేదు. అవి మరీ మంచివి" అంది సెకనమ్మ.

టీ అయ్యాక నిదానం లోపలికి వెళ్లిపోయింది. సెకనమ్మ బస్సెక్కి ఫ్యాక్టరీకి చేరేసరికి షిఫ్టు మొదలై నలభై నిమిషాలైంది. ఇన్నేళ్లలో మొదటిసారి. గేటు దగ్గర గుమాస్తా ఆశ్చర్యంగా చూసి, ఆమె అసలు పేరు పిలిచి, కారణం ఏం రాయమంటారమ్మా అని అడిగాడు. మా తోటికోడలి ఆఫీసుకు వెళ్లాను, రాసుకో అని చెప్పి మెట్లెక్కింది.